గోడ మీది అక్క

యున్‌లిన్ ఆలయం, షాన్షీ కొండలు
అక్టోబరు 2001

అక్కకి,

నువ్వు బతికే ఉన్నావా?

ఉంటే వెంటనే జవాబు రాయి. లేకపోతే బావ రాయాలి. ఇక్కడ నేను క్షేమం, అక్కడ నువ్వు క్షేమమని తలుస్తాను అని మొదలుపెట్టడానికి చెయ్యి రాలేదు. అందుకే సూటిగా అడిగేశాను.

నిన్న సాయంత్రం పనివాళ్ల భోజనాల గదిలో టీవీ పెట్టారు. ఏదో సీరియల్. ఒక కోడలు ఏడుస్తూ పూజబల్ల ముందు మోకాళ్ల మీద కూలబడింది. బల్ల మీద అగరొత్తులు, నారింజ పళ్లు. పైన గోడకి నల్లగుడ్డ చుట్టిన ఫొటో. ఆ ఫొటోలో నువ్వు. చిన్నప్పుడు నాన్న ఉలి తగిలి ఎడమ కనుబొమ్మ మీద పడిన మచ్చతో సహా నువ్వే. నా చేతిలో గిన్నె జారిపోయి వేడి నూడుల్సు పక్కవాడి కాలి మీద పడ్డాయి.

"మా అక్క! మా అక్క పోయింది!" అని అరిచాను.

"ఒరేయ్, అది సీరియల్ రా నాయనా. పోయింది ఆ కోడలి అత్త," అన్నాడు వంటాయన.

"అత్త ఎవరైతే నాకేంటి? ఫొటో మా అక్కది!"

అందరూ పొట్టలు పట్టుకుని నవ్వారు. నాకు నవ్వు రాలేదు. రాత్రంతా అటూ ఇటూ దొర్లాను.

మూడేళ్లుగా నీ ఉత్తరాలకి జవాబు రాయలేదు. ఆ కోపం ఇంకా ఉంది. నాన్న పనిశాలలో, ఆయన చెక్కిన చెక్క అడ్డుతెరకి సినిమావాళ్లు మేకులు కొట్టి దీపాలు వేలాడదీస్తుంటే నువ్వు పక్కన నిలబడి వాళ్లకి టీ పోశావు. అది నేను మరిచిపోలేదు. కానీ ఇది వేరే సంగతి. కొండ మీదున్న ఒక్క ఫోనునీ ఆఫీసువాళ్లు బీరువాలో పెట్టి తాళం వేశారు. కాబట్టి ఉత్తరమే దిక్కు.

బతికుంటే రాయి.

షౌరెన్


షాన్‌కౌ, డాంగ్‌యాంగ్
నవంబరు

చిన్నోడా,

పోయాను. దహనం కూడా అయిపోయింది. పొగగొట్టంలో కూర్చుని ఈ ఉత్తరం రాస్తున్నాను.

సిగ్గు లేదురా నీకు? కొత్త సంవత్సరానికి రాశాను, అమ్మానాన్నల సమాధులు ఊడ్చే రోజున రాశాను, నీ పుట్టినరోజుకి రాశాను. ఒక్క ముక్క లేదు. ఒక్కసారి చచ్చేసరికి పరుగున రాశావు. ఈ సంగతి ముందే తెలిస్తే మొదటి ఏడాదే చచ్చేదాన్ని.

జరిగింది చెబుతాను. ఆ సీరియల్ కంపెనీలో సామాన్లు చూసే కుయ్ అనే కుర్రాడు మా వంటింటి అన్నం డబ్బాలే తింటాడు. అత్తగారి ఫొటో కావాల్సి వచ్చింది. ఆ వేషం కట్టిన నటీమణి మాత్రం బతికుండగా నా ఫొటోకి నల్లగుడ్డ చుట్టనివ్వను పొమ్మంది. వాడు అన్నం డబ్బా పట్టుకుని నా ముందుకొచ్చి, "పిన్నీ, నీది చక్కగా పోయిన అత్తగారి ముఖం," అన్నాడు. ఇంతకంటే మంచి మాట మీ బావ పెళ్లిలో కూడా అనలేదు. ఇచ్చేశాను. ఎర్ర కవరులో కొత్త నోటూ ఒక మిఠాయీ పెట్టి ఇచ్చారు.

ఎర్ర కవరు సంగతి నీకు తెలియదు, నువ్వు వెళ్లాకే ఊరంతా పాకింది. తెర మీద చచ్చిన ప్రతివాళ్లకీ అది ఇవ్వాల్సిందే, లేకపోతే కీడు ఇంటిదాకా వస్తుంది. మీ బావ ఫుచాంగ్ వారానికి రెండుసార్లు బాణం తగిలి చస్తాడు. చచ్చిన రోజున ఇంటికొచ్చి మామూలు కంటే రెండు గిన్నెలు ఎక్కువ తింటాడు. ముసలాళ్లెవరూ గడ్డాలు గీయడం లేదు, గడ్డానికి కూలి ఎక్కువ. మన పక్కింటి గేదెకైతే మీ బావ కంటే ఎక్కువిస్తారు, ఎండలో పడుకోబెడితే అది సణగదు మరి.

ఇక్కడే ఒక చిక్కొచ్చింది. షూటింగు అయిపోయాక ఆ ఫొటోని రక్తసంబంధీకులే దింపాలట. దింపుతూ మనిషిని మూడుసార్లు పిలిచి, "ఇంటికి రా, అన్నం తిందువుగానీ," అనాలట. మొగుడు పనికిరాడు, పరాయి రక్తం. నాకు పిల్లలు లేరు. అమ్మా నాన్నా లేరు. అందుకని కుయ్ సామాన్ల కొట్టులో, గోడ మీద, నల్లగుడ్డ కప్పుకుని నేనింకా అలాగే ఉన్నాను.

అది సరే. అసలు సంగతి వేరే ఉంది. నాన్న పనిశాలని టాంగ్ అనే అతను పదేళ్లకి అద్దెకి అడుగుతున్నాడు. కొండ వెనక షూటింగులకి ఇంకో రాజభవనం కడుతున్నారు, దానికి థర్మకోల్ తలుపులూ స్తంభాలూ అచ్చు పోస్తాడట. పనిశాల మనిద్దరిదీ కాబట్టి ఇద్దరి ముద్రలూ కావాలి. జనవరి నెలాఖరుకి అతని అచ్చుల లారీ వస్తుంది. మూడేళ్లుగా తాళం వేసి ఎలుకలకి ఉత్తపుణ్యానికి ఇచ్చాం. నీ ముద్ర వేసిన కాగితం పంపు, లేదా వద్దని రాయి. ఏదో ఒకటి చెప్పు.

ఇంకా బతికున్న నీ అక్క,
గుయ్‌షియెన్


యున్‌లిన్ ఆలయం
నవంబరు చివర

అక్కా,

నువ్వు బతికున్నావని ఒక రోజంతా సంతోషించాను. రెండో రోజుకి కోపం తిరిగొచ్చింది.

థర్మకోలా? నాన్న కూర్చున్న పీట మీదా? ఆ గదిలో అడుగు పెడితే కర్పూర చెక్క వాసన ముందు ముక్కుకి, తర్వాత గొంతుకి తగిలేది. అక్కడ వేడి తీగతో తెల్ల దిమ్మలు కోసి దాన్ని రాజభవనం అంటారా? గాలొస్తే మీ రాజు కిరీటంతో సహా ఎగిరిపోతాడు. ఊరు ఊరంతా ఏదో ఒక వేషం కట్టి ఏదో ఒక డబ్బాలో అన్నం తింటోంది. ఇక్కడ నేను వెయ్యేళ్ల ఆలయానికి మరమ్మతు చేస్తున్నాను. మనవాళ్ల పని అంటే ఇదీ. నా ముద్ర రాదు. ఎలుకల్నే ఉండనియ్యి.

ఆ ఫొటో మాత్రం ఎలాగైనా దింపించు. ఇలాంటివి నేను నమ్మనని నీకు తెలుసు. అయినా భోజనాల గదిలోకి వెళ్లినప్పుడల్లా కళ్లు టీవీ వైపే పోతున్నాయి. కడుపునిండా తినలేకపోతున్నాను. రక్తసంబంధం లెక్కన చిన్నాన్న కూతుళ్లు పనికిరారా? పోనీ ఆ నల్లగుడ్డయినా తీయించు. కుయ్‌కి నా మాటగా చెప్పు.

అక్షరాలు వంకరగా ఉన్నాయని వెక్కిరించకు. ఈ చలికి చేతులు పగిలిపోతున్నాయి.

షౌరెన్


షాన్‌కౌ
డిసెంబరు

షౌరెన్‌కి,

ఈసారి చిన్నోడా అని పిలవను.

గాలొస్తే ఎగిరే రాజభవనమేరా మాకు అన్నం పెడుతోంది. రాతిగని మూసేసిన ఏడాది నీకు గుర్తుందా? ఊళ్లో మగవాళ్లంతా ఉలో, తాపీయో సంచిలో వేసుకుని దేశం మీద పడ్డారు. ఆడవాళ్లు మొగుళ్ల ముఖాలు ఏడాదికోసారి చూసేవాళ్లు. ఇప్పుడు చూడు. ప్రతి ఇంటి మేడ మీద గదులు, గది గదికీ ఎక్కడెక్కడి నుంచో నటులవుదామని వచ్చిన పిల్లలు. కుట్టుమిషన్లు పెట్టిన వాళ్లు సైనికుల బట్టలు కుడుతున్నారు. నా వంటింట్లో ఎనిమిది మంది ఆడవాళ్లు పని చేస్తున్నారు. ఎండబెట్టిన ఆవకూరతో పంది మాంసం వండితే షూటింగు ఆపి మరీ తింటారు. వేషం కట్టి తిన్నా అన్నం అన్నమే. నీ వెయ్యేళ్ల ఆలయం మన ఊళ్లో ఎంతమందికి పెట్టింది?

నాకేమీ దిగుల్లేదనుకోకు. పోయిన నెల మూడు కంపెనీలు ఒకేసారి మూటాముల్లే సర్దుకుని వెళ్లిపోయాయి. వండిన అన్నమంతా పందులకి పోశాం. గడ్డాల ముసలాళ్లు టీ కొట్టు ముందు కూర్చుని రోడ్డు వైపు చూస్తూ ఉండిపోయారు. ఒకప్పుడు వాన కోసం ఇలాగే చూసేవాళ్లు. రేపు వీళ్లు రాకపోతే ఏంటని నేనూ రోజూ భయపడుతూనే ఉంటాను. భయపడుతూనే బియ్యం కడుగుతాను.

మేకుల సంగతి ఎత్తావు కాబట్టి చెబుతున్నాను. నేను టీ పోసిన మాట నిజమే. ఆ నెలలో మీ బావ కాలు విరిగి ఆసుపత్రిలో ఉన్నాడు, ఖర్చుకి వాళ్లిచ్చిన అద్దే దిక్కు. ఎందుకు పోశావు అక్కా అని నువ్వు అడగలేదు. సంచి భుజాన వేసుకుని వెళ్లిపోయావు. నాకు ఇప్పటికీ దానికే ఏడుపొస్తుంది, మేకులకి కాదు.

ఒక విడ్డూరం విను. నిన్న కొత్త భవనంలో దర్శకుడు కెమెరాని రాణిమాత గది తలుపు దాకా తీసుకెళ్లి చూశాడు. చూసి అరిచాడు.

"ఇది తలుపా, పుట్టినరోజు కేకా?"

దూరం నుంచి బాగానే ఉంటుంది గానీ దగ్గరికెళితే థర్మకోల్ మెత్తగా, అంచులు లేకుండా ఉంటుంది. ఆ రాణిమాత తలుపు తీసుకుని నెమ్మదిగా బయటికొచ్చే దృశ్యం చాలాసేపు ఉందట. అసలైన కర్పూర చెక్క మీద చెక్కిన తలుపులు కావాలన్నాడు. చెక్క పని తెలిసిన జిన్ బాబాయిని అడిగారు. ఆయనకి చూపు పోయింది. కుర్రాళ్లకి వేడి తీగ తప్ప ఉలి తెలియదు. అన్నం డబ్బాలు తెచ్చిన నా వైపు తిరిగి, "ఏమ్మా, చెక్క పనికి పేరున్న ఊరు కదా మీది! చెక్కేవాడు ఒక్కడూ లేడా?" అన్నాడు.

"లేడండీ," అన్నాను. "ఒకడున్నాడు గానీ వాడు వెయ్యేళ్ల ఆలయంలో ఉన్నాడు. వాడికి తీరిక లేదు."

ఆ తలుపులు కూడా తనే ఇంకా బాగా అచ్చు పోస్తానని, పనిశాల ఇప్పించమని టాంగ్ నా వెనకే తిరుగుతున్నాడు.

చిన్నాన్న కూతుళ్లు పనికిరారు. అడిగాను.

గుయ్‌షియెన్

బావమరిదీ, నేను ఫుచాంగ్‌ని. మీ అక్క ఈ ఉత్తరం రాస్తూ మూడు గరిటెలు విసిరింది. యుద్ధాల్లో ఆరితేరినవాణ్ణి కాబట్టి తప్పించుకున్నాను. నీకు ఓపికుంటే రా, లేకపోతే గరిటెలు కొనుక్కోవడానికి డబ్బులు పంపు.


యున్‌లిన్ ఆలయం
జనవరి 2002

అక్కా,

బావ ఆసుపత్రి ఖర్చు కోసమే వాళ్లని రానిచ్చావని నాకు తెలియదు. నువ్వన్నట్టు అడగలేదు. ఆ ముక్క చదివాక రెండు రోజులు కలం పట్టుకోలేకపోయాను.

ఇప్పుడు నేను చెప్పేది వంటింట్లో అందరి ముందూ చదవకు.

వెయ్యేళ్ల ఆలయం అని గొప్పగా రాశాను. ఆలయానికి వెయ్యేళ్లు ఉన్నమాట నిజమే. మొదటి ఏడాది చెక్క వచ్చింది, చెక్కాను. తర్వాత గుత్తేదారు మారాడు. చెక్క ఖరీదు, పైగా చెదలు పడుతుంది, నిప్పంటుకుంటుంది అని చెప్పి సిమెంటు దించాడు. అప్పట్నుంచి డ్రాగన్ తలల్ని అచ్చులో పోస్తున్నాం. ఆరాక అచ్చు విప్పి, చెక్క రంగు వేసి, దాని మీద సన్న కుంచెతో చెక్కగీతలు గీస్తారు. ఆ గీతలు గీసేది నేనే. చెయ్యి తిరిగినవాణ్ణి కదా, బాగా గీస్తాను. భక్తులు స్తంభాన్ని చేత్తో తడిమి, "ఆహా, పాతకాలపు పనితనం!" అని దండం పెడతారు. నేను పక్కనే కుంచె పట్టుకుని నిలబడతాను. వాళ్ల ముఖం చూడలేను.

నా చేతులు పగిలింది చలికి కాదు, సిమెంటుకి. ఉలులు సంచిలోనే ఉన్నాయి.

నిన్ను థర్మకోల్ అని తిట్టాను. మీరు వేషమని చెప్పే వేషం కడతారు. మేము దేవుడి ముందు నిలబడి నిజమని చెబుతున్నాం. మీ కెమెరా ఒక్క చూపులో పట్టేసింది, ఇక్కడ ఏళ్ల తరబడి ఎవరూ పట్టలేదు. కర్పూర చెక్క తలుపు కావాలని ఎవడో సినిమావాడు అరిచాడని చదివి నాకు నవ్వొచ్చింది, వెంటనే ఏడుపొచ్చింది.

రమ్మని నువ్వు రాయలేదు. రాయకుండానే అడిగావని తెలుసు. ఎలా రాను? గట్టి చెక్క మీద ఉలి పెట్టి చాలా కాలమైంది. చెయ్యి మొద్దుబారింది. రాణిమాత తలుపు పాడుచేస్తే మన ఇంటిపేరెత్తి, లూ ఇంటివాడి పని ఇదా అని నాన్న పేరు చెప్పి మరీ నవ్వుతారు. నేను చెడిపోయింది చాలు. నా ముద్ర వేసిన కాగితం ఇందులో పెట్టాను. పనిశాల టాంగ్‌కి ఇచ్చెయ్యి.

ఫొటో మాత్రం నా మనసులోంచి పోవడం లేదు. దానికేదైనా దారి చూడు.

షౌరెన్


షాన్‌కౌ
జనవరి మధ్య

చిన్నోడా,

కాగితం అందింది. పొయ్యి పక్కన మిఠాయి డబ్బాలో పెట్టాను. నెలాఖరుకి టాంగ్ లారీ వస్తుంది, అప్పుడు ఇస్తాను. నువ్వు ఇవ్వమన్నావు, నేనిస్తాను. నిన్ను రమ్మని బతిమాలను.

ఒక్కటి గుర్తు చేస్తాను. చివరి ఏడాది నాన్నకి చేతులు వణికేవి. పని మానేశాడా? ముఖాలు చెక్కడం మాత్రం మానేసి ఆకులు పట్టుకున్నాడు. "ఆకు వణికితే గాలి అనుకుంటారు, ముఖం వణికితే తాగాడంటారు," అని నవ్వేవాడు. అడ్డుతెర కింది వరస అంతా ఆ ఏడాది చెక్కిందే. అదే బాగుంటుందని నువ్వే అనేవాడివి.

రాణిమాత తలుపుల బొమ్మ కాగితం మీద గీసి టీ కొట్టులో అంటించారు. చెక్కేవాళ్లు ఎవరైనా దొరుకుతారేమోనని. నిన్న వెళ్లి చూశాను. చుట్టూ అంతా ఆకులేరా.

ఇంకో సంగతి. కుయ్ కంపెనీ కూడా ఈ నెలాఖరుకే సామాన్లన్నీ లారీలో వేసుకుని ఉత్తరాదికి వెళ్లిపోతోంది. బల్లలు, కుర్చీలు, దీపాలు, నేను. ఎక్కడ దింపుతారో, ఏ గోడకి తగిలిస్తారో తెలియదు. నల్లగుడ్డ వాళ్లు తీయలేదు. పోనీలే, చలికాలం కదా, కప్పుకుంటాను.

అక్క


షాన్‌కౌ, నీ వంటింటి బల్ల మీద
ఆదివారం మధ్యాహ్నం

అక్కా,

ఇది పోస్టులో వెయ్యడం లేదు. ఉప్పు జాడీ కింద పెట్టి వెళుతున్నాను.

బస్సు దిగి ఇంటికి రాలేదు. సంచితోనే కుయ్ సామాన్ల కొట్టుకి వెళ్లాను. సగం సామాను అప్పటికే లారీ ఎక్కేసింది. లోపల గోడనిండా ఫొటోలు, ఎవరెవరివో అత్తలు, మామలు, తాతలు. నీ కోసం ఆ చివర నుంచి ఈ చివరదాకా వెతికాను. కనపడలేదు. ఎక్కడున్నా వినపడుతుందిలే అనుకుని గది మధ్యలో నిలబడి గట్టిగా అరిచాను. "గుయ్‌షియెన్ అక్కా, ఇంటికి రా, అన్నం తిందువుగానీ!" మూడుసార్లూ అరిచాను. మోతవాళ్లు బీరువాని గాల్లోనే పట్టుకుని నిలబడిపోయారు.

కుయ్ పరుగున వచ్చాడు.

"ఎవర్ని పిలుస్తున్నావన్నా?"

"మా అక్కని. ఫొటో దింపాలి కదా. రక్తసంబంధీకుణ్ణి."

"డబ్బాల పిన్ని తమ్ముడివా నువ్వు? పిన్ని ఫొటో షూటింగు అయిన సాయంత్రమే దింపేసుకుంది కదా! కవరు జేబులో వేసుకుని, మిఠాయి నోట్లో వేసుకుని, ఫొటో చంకలో పెట్టుకుని వెళ్లిపోయింది."

"మరి మూడుసార్లు పిలవాలన్న ఆచారం?"

"అదేంటి? నేనెప్పుడూ వినలేదే."

మోతవాళ్లు బీరువా కింద పెట్టి మరీ నవ్వారు. ఈసారి నాకూ నవ్వొచ్చింది. అప్పుడు కుయ్ ఇంకో మాట చెప్పాడు. ఫొటో కోసం వాడు నిన్ను బతిమాలలేదట. నువ్వే అడిగి మరీ ఇచ్చావట. ఇచ్చే ముందు ఒకే ఒక్క ప్రశ్న వేశావట. "బాబూ, ఈ సీరియల్ షాన్షీలో కూడా వస్తుందా?" అని.

ఆ తర్వాత నాకు నవ్వు రాలేదు అక్కా. వాడి కుర్చీలోనే కూలబడి ఏడ్చాను. వాడు కంగారుపడి నాకూ ఒక ఎర్ర కవరు ఇచ్చాడు.

ఇంటికొస్తే నువ్వు లేవు. డబ్బాలు పట్టుకుని రాజభవనానికి వెళ్లావని, బావ ఏదో కోట కింద చచ్చి పడున్నాడని పక్కింటామె చెప్పింది. మిఠాయి డబ్బా తీసి చూశాను. నా కాగితం ఉంది, కిందే నీ ఫొటో ఉంది. పొయ్యి మండుతూనే ఉంది కాబట్టి కాగితం అందులో వేశాను. ఫొటో అలాగే ఉంచాను. టాంగ్‌కి నేనే చెప్పుకుంటాను.

పనిశాల తాళం తీశాను. అడ్డుతెర చూశాను. మేకుల కన్నాల్లో చెక్క ముక్కలు కొట్టి పూడ్చారు. ఒక్కటీ తిన్నగా లేదు. బావ చేతికి ఉలి ఇస్తే ఇలాగే ఉంటుంది. వాటిని సరిచేయను, అలాగే ఉండనియ్యి.

టీ కొట్టు నుంచి తలుపు బొమ్మ పీక్కొచ్చాను. పాత కర్పూర చెక్క ముక్క ఒకటి మూలన దొరికింది. ఆకులతో మొదలుపెడుతున్నాను. మొదటిది అప్పుడే విరిగింది.

నేను నిన్ను ఊరందరి ముందూ మూడుసార్లు పిలిచాను. ఇప్పుడు నీ వంతు. వీధి చివర నుంచి ఒక్కసారి పిలువు చాలు, వినపడుతుంది. పొద్దుట్నుంచీ ఏమీ తినలేదు.

చిన్నోడు